తడిగుడ్డ

నర్సాపురం లాకుల పక్కన గోనెసంచుల డేరా.
మిషను చక్రం తిప్పేది నేను.
పదిహేనేళ్ళు, అరచేతి నిండా బొబ్బలు.
జోరుగా తిప్పితే దొరలు పరిగెత్తేవారు,
చెయ్యి లాగితే గుర్రాలు కూడా ఆలోచించుకుంటూ నడిచేవి.
యుద్ధమంతా నా భుజం చెప్పినట్టు వినేది.

ఊళ్ళో కిరసనాయిలు చుక్క లేదు.
బియ్యం ధర పైకి అనడానికే జంకు.
తాసీల్దారు పంపిన బొమ్మలు మాత్రం ఉచితం,
గుమ్మంలో యుద్ధచందా పెట్టె.

పేర్రాజుగారు బెత్తం పట్టుకుని కథ చెప్పేవారు.
ఇంగ్లీషు అక్షరాలు పడగానే ఓసారి దగ్గి
"మనవాళ్ళే గెలిచారు" అనేవారు.
ఎక్కడో ఆడవాళ్ళు ఫిరంగిగుళ్ళు తుడుస్తున్నా అదే మాట.
బాల్చీ ముందు కూచుని ఓ కుర్రాడు
దుంపలు చెక్కు తీస్తున్నా అదే మాట.

ఆడవాళ్ళకి తెర వెనక చోటు.
గుడ్డ తడిగా ఉంటేనే బొమ్మ అవతలికి దిగుతుంది.
ఆట మధ్యలో రెండుసార్లు
కాలవనీళ్ళు చల్లడం కూడా నా పనే.

మూడో రాత్రి బస్రా.
ఏరు, పడవ, తలగుడ్డ కట్టి గెడవేసే మనిషి.
నోరు తెరిచి ఏదో అంటాడు.
ఏడు చుట్లలో అయిపోతుంది.

తెర వెనక కేక.
నూకరత్నం. మొగుడు సర్కారు పడవల్లోకి వెళ్ళి
రెండు వానాకాలాలు.
"మా పిల్లోడి అయ్య!
ఎడంచెయ్యి పైనెట్టి గెడేసేది
ఈ ఏటి మీద ఆయనొక్కడే!"

ఆపమంది. ఆపితే ఫిల్ము కాలిపోతుంది.
వెనక్కి తిప్పాను.
పడవ వెనక్కొచ్చింది,
చిందిన నీళ్ళు ఏట్లో సర్దుకున్నాయి,
అన్న మాట నోట్లోకి వెళ్ళిపోయింది.
మళ్ళీ ముందుకి. మళ్ళీ వెనక్కి.
పేర్రాజుగారు ఒక్కసారీ ఎవరినీ గెలిపించలేదు.

"ఏవంటన్నాడే?" అంది పక్కావిడ.
"లోతు సెబుతున్నాడు. రెండు బారలంట."

మర్నాడు రేవురేవునుంచీ ఆడవాళ్ళు దిగారు.
ఒకామెకి గుర్రప్పగ్గం పట్టినవాడు తమ్ముడు,
ఒక ముసలామెకి
పొగలో సగమే కనపడ్డ వీపు చాలింది.
ముందువైపు చాపలు ఖాళీ.

నేనుండేది తెర ముందు.
నా వైపునుంచి చూస్తే
ఆ పడవమనిషిది కుడిచెయ్యి పైన.

పెట్టెలు పాలకొల్లు పడవ ఎక్కేదాకా, తొమ్మిది రాత్రులు,
ఎవరూ అడక్కుండానే
ఆ గుడ్డ ఆరకుండా
నీళ్ళు చల్లుతూనే ఉన్నాను.