చిల్లుల చిప్పలు

వీలన్స్ బెండ్‌లో ఎక్కడ తవ్వినా చిప్పలే.
చర్చి పునాది కింద, పెట్రోలు బంకు వెనక,
ఆర్డిత్ వోల్మర్ గారి టమాటా మొక్కల మొదట్లోనూ.
మిసిసిపీ ఆల్చిప్పలు. ఒక్కోదానికి నాలుగో ఐదో గుండ్రటి చిల్లులు,
పిండిలోంచి గ్లాసుతో బిళ్లలు కోసుకున్నాక
పీట మీద మిగిలిపోయిన అంచులా.

కోసుకున్నవి గుండీలయ్యాయి.
చికాగో గుమాస్తాల చొక్కాల మీద,
పెళ్లికూతుళ్ల వెన్ను పొడుగునా
ఈ ఊరు వెళ్లిపోయింది.

నా పని యాభై రెండు నిమిషాలు రాయడం.
సెకనుకి రెండు మాటలు,
చదివేవాడికి ఊపిరాడేంత జాగా.

కోర్టు నేలమాళిగలో జీతాల పుస్తకం దొరికింది.
గ్రోసంటే పన్నెండు డజన్లు, లోకానికి.
ఆ పుస్తకంలో పద్నాలుగు.
మనుషులకి పేర్లు లేవు, అంకెలే.
చివరి పేజీల్లో మాత్రం ఏడు పేర్లు:
మేస్త్రీలనుకుని పేజీ తిప్పేశాను.

నూట పద్నాలుగు అనే మనిషి
ఫిబ్రవరి ఎనిమిది దాకా ఉంది. తొమ్మిదిన సమ్మె.
ఆ తర్వాత లేదు.
"బహుశా ఆమె కూడా గేటు బయట, మంచులో నిలబడింది" అని రాశాను.
"బహుశా తీసెయ్" అన్నాడు డెస్మండ్ ఫోన్లో,
"చూసేవాడు ఛానల్ మారుస్తాడు."
తీసేశాను. వాక్యం నిటారుగా నిలబడింది,
అబద్ధమాడబోయే పిల్లాడిలా.
మళ్లీ పెట్టాను.

ఆర్డిత్ గారికి తొంభై ఒకటి. వాక్యం చదివి వినిపించాను.
కెమెరా ఆపమంది.
"నూట పద్నాలుగు మా అమ్మమ్మ.
చచ్చేదాకా చేతుల్లోంచి చిప్ప కంపు పోలేదు.
బయట నిలబడలేదు. లోపలికి వెళ్లింది.
వెళ్లిన ఏడుగురికీ ఆ రోజు నుంచి
అంకె కొట్టేసి పేరు రాశారు.
అదే ఇచ్చిన బహుమానం.
హెడ్విగ్ బ్రూనింగ్. చూడలేదూ?"

చూశాను. పేజీ తిప్పేశాను.

"ఊరు ఏం పిలిచిందో అడక్కు.
ఆ పిలుపు విన్నాక ఆవిడ అంకె కోసం ఏడ్చిందట."

రాయమంటారా అన్నాను.
"రాసుకో. నేను పోయాక వెయ్యమను."
ప్రసారం నవంబరులో.
ఆ మాట చెప్పడానికి నోరు తెరిచి,
టమాటాలు బాగా కాశాయన్నాను.

ఆవిడ వంగి ఒక చిప్ప పెకలించింది,
కుళాయి కింద బొటనవేలితో మట్టి తోమింది,
నా చొక్కా అంచు పట్టి దగ్గరికి లాగి
నా గుండీని ఒక్కో చిల్లులో పెట్టి చూసింది.
దేంట్లోనూ పట్టలేదు.

"ప్లాస్టిక్" అంది,
చొక్కా వదలకుండానే.