చెప్పింది చెప్పినట్టు

సొహార్‌లో ఈ కోర్టు హాల్లోకి సముద్రం వినిపించదు,
ఏసీ ఒక్కటే గొణుగుతుంటుంది.
బల్ల మీద నూట నలభై మూడు ఫైళ్లు.
ఒకే రాత్రి, ఒకే షెడ్డు, ఒకే వాల్వు,
ఒకే క్లోరిన్.
గుంపుగా పీల్చారు గానీ
గుంపుగా దావా వేయడానికి దారి లేదంట.
ఎవరి ఊపిరితిత్తులకు వాళ్లే వాది.

నేను తర్జుమా మనిషిని.
కమలాపురం మదర్సాలో బెత్తం కింద నేర్చిన అరబీ
ఇప్పుడు నాకు కూడు పెడుతోంది.
మొదటి రోజే ప్రమాణం చేయించారు:
చెప్పింది చెప్పినట్టు,
ఒక్క మాట కలపను, ఒక్క మాట మింగను.

వాయిదా.
నోటీసు పాత చిరునామాకు పోయిందని వాయిదా.
నిపుణుడు సెలవులో ఉన్నాడని.
సబ్‌కాంట్రాక్టరు కింద ఇంకో సబ్‌కాంట్రాక్టరు, ఉల్లిపాయ లెక్క,
ఒలిచేకొద్దీ మా కళ్లలోనే నీళ్లు.
రంజాను వచ్చింది, పోయింది, మళ్లీ వచ్చింది.
మెడికల్ కమిటీ పద్దెనిమిది శాతం అని రాసింది.
అంటే రెండో మెట్టు మీద కూలబడే మనిషి
ఎనభై రెండు శాతం ఆరోగ్యవంతుడు.

"రోజుకెన్ని బీడీలు?" అడిగాడు కంపెనీ వకీలు.
"ఆరు" అన్నాడు పోశాలు, దాచకుండా.
బీడీకి అరబీలో మాట దొరక్క సిగరెట్ అన్నాను.
ఆ ఒక్క మాటకు
వాడి శాతంలో ఐదు తెగింది.
ఆ రాత్రి నాకు అన్నం సయించలేదు.

వీసాలు అయిపోయి కొందరు వెళ్లిపోయారు.
మెట్‌పల్లి నుంచి వీడియోలో సాక్ష్యం చెప్పబోయి
ఎల్లేశం దగ్గాడు.
ఆగకుండా దగ్గాడు.
దగ్గును ఏ భాషలోకి తిప్పాలో తెలీక ఊరుకున్నాను.
"రాసుకో" అన్నాడు జడ్జి గుమస్తాతో,
"సాక్షి దగ్గాడు."
ఆ హాల్లో నేను విన్న మంచి తర్జుమా అదొక్కటే.

చివరికి రాజీ పట్టిక వచ్చింది.
కన్నుకు ఇంత, చర్మానికి జానెడుకు ఇంత,
ఊపిరితిత్తుల్లో పావు వంతుకు ఇంత.
పశువుల సంతలో తువాలు కింద వేళ్లు పట్టి
బేరమాడతారు,
ఎద్దు ముందు ధర పైకి చెప్పరు.
ఇక్కడ పైకే చదవమన్నారు నన్ను.
షరతు ఒకటే: అందరూ సంతకం పెట్టాలి,
ఒక్కడు తగ్గినా మొత్తం రద్దు.
అడుగున చిన్న అక్షరాల్లో:
తప్పు ఒప్పుకోకుండా.

నూట నలభై రెండు సంతకాలయ్యాక
బుచ్చిలింగం పెన్ను కింద పెట్టాడు.
"పైసలు సరే అన్నా. గా అలారం బంద్ వెట్టిన సంగతి
అండ్ల ఉన్నదా?"
లేదు.
"నాకు వాసన తెల్వది. పప్పు మాడినా తెల్వది.
మొన్న బిడ్డ పుట్టింది, పోయి ఎత్తుకున్న,
నెత్తి మీద ముక్కు వెట్టిన.
ఏం లేదన్నా. గది ఏ లైన్ల ఉన్నది?"
వెతికాను.
ముక్కు ఉంది, ఆకారం పోతే.
వాసన లేదు.

క్యాంపులో ఎవరూ తిట్టలేదు.
పళ్లెం ఎప్పటిలాగే ముందుకు జరిపారు.
ఎల్లేశం ఫోన్ చేశాడంట,
దగ్గు తప్ప ఏమీ అనలేదంట.

మూడో రోజు పొద్దున బుచ్చిలింగం వచ్చాడు.
వేలిముద్ర వద్దన్నాడు.
ఇంటిపేరుతో సహా, బడి పిల్లాడిలా ఒత్తి ఒత్తి
తెలుగులో రాశాడు: చిలివేరి బుచ్చిలింగం.
ఆగలేదు. అదే లైన్లో,
అంచు దాకా:
అలారం రాత్రి ఒంటిగంటకే బంద్ ఉండె.

గుమస్తా కాగితం నా వైపు తిప్పాడు.
"ఇదంతా ఏంటి?"
ప్రమాణం గుర్తుంది. బీడీ కూడా గుర్తుంది.
"పేరు" అన్నాను.
"ఇంత పొడుగా?"
"మా వైపు పేర్లు పొడుగే."

ఇంకు ప్యాడ్ మీద అద్ది
బలంగా నొక్కాడు.
ముద్ర సగం పేరు మీద,
సగం ఒంటిగంట మీద పడింది.