గీత తర్వాత జాగా

గుణుపురం క్యాంపు గేటు దగ్గర
నా బ్రష్షులూ టర్పెంటైన్ సీసా
తనిఖీ అయ్యేసరికి ఆరున్నర.
బిగుల్ వాడు అప్పటికే గొంతు సవరించుకుంటున్నాడు.
వంశధార మీది మంచు
పరేడు మైదానంలో సున్నపు గీతల్ని ఇంకా వదల్లేదు.

ఆఫీసు వరండాలో టేకు పలక.
దాని మీద కమాండెంట్ల పేర్లు పదకొండు.
ఎప్పట్నుంచి, ఒక గీత, ఎప్పటిదాకా.
మొదటి నాలుగూ మా నాన్న రాసినవి,
ఆయన ఆరు అంకెకి ఎప్పుడూ పొట్ట ఎక్కువ.
పేరు హిందీలో ఒకసారి, ఇంగ్లీషులో ఒకసారి.
మా ఇంట్లో మాట్లాడే భాషకి
ఆ టేకు మీద చోటు లేదు. అడగలేదు కూడా.

నౌటియాల్ సారు గీత పక్కన ఇవాళ్టి తేదీ,
కింద ఐబొహల్ సింగ్ పేరూ, ఇవాళ్టి తేదీ, ఒక గీత.
ఆ తర్వాత ఖాళీ.
ఒకే తేదీ రెండుసార్లు రాయాలి,
పైన పోయేదిగా, కింద వచ్చేదిగా.
"తొమ్మిదికల్లా ఆరిపోవాలి" అన్నాడు హవల్దారు మహాకుడ్,
పెయింటుకి కూడా ఆర్డరు వేసినట్టు.

ఏడో పేరు దగ్గర నా చెయ్యి ఎప్పుడూ ఆగుతుంది.
మిగతా అన్నిచోట్లా తేదీకి తేదీ
రైలు పెట్టెల్లా తగులుకుని ఉంటుంది.
ఇక్కడ మాత్రం ఎనిమిదో పేరు మొదలయ్యేది
పదమూడు రోజుల తర్వాత.
ఆ కల్వర్టు మళ్ళీ కట్టారు, దాని మీద బస్సులు పోతున్నాయి.
అప్పుడు బ్యాండు లేదు, కర్ర చేతులు మారలేదు.
పదమూడు రోజులు క్యాంపుని నడిపినాయన పేరు
పలక ఎక్కలేదు.
ఆ తేదీ నేనే రాశాను.
తుడిచి మళ్ళీ రాశాను, రెండుసార్లు.
అంకెల్లో తప్పేం లేదు.

"సలామీ శస్త్ర్!"
ఆరువందల బూట్లు, ఒక్క చప్పుడు.
వెండి పొన్ను వేసిన కర్ర
ఆయన చేతుల్లోంచి ఈయన చేతుల్లోకి
జానెడు దూరం.
మేం ఇల్లు అమ్మినప్పుడు తాళంచెవి ఇవ్వడానికి
ఇంతకంటే ఎక్కువసేపు పట్టింది.

తర్వాత జీపు. ఇంజను ఆపేసి ఉంది.
బంతిపూలు చుట్టిన రెండు మోకులు.
అధికార్లూ, వంటవాడూ, జుట్టు కత్తిరించే రామ్‌సూరతూ
అందరూ పట్టుకుని లాగుతున్నారు
ఆషాఢంలో గుండిచా గుడికి లాగినట్టే.
ఈ రథానికి బహుడా లేదు.
నౌటియాల్ సారు, సైకిలు వెనక ఎక్కిన పిల్లాడిలా
ఎక్కడ పట్టుకోవాలో తెలీక
నవ్వుతూ చెయ్యి ఊపుతున్నాడు.
గేటు దాటాక మోకులు వదిలేశారు.
ఇంజను స్టార్టయింది. అంతే, మామూలు జీపు.

నేను బ్రష్షు కడుగుతుంటే
కొత్తసారు ఒక్కడే వరండాలోకి వచ్చాడు.
పైనుంచి చదువుకుంటూ వచ్చి ఏడో పేరు దగ్గర ఆగాడు.
అక్కడ ఇంకొకరు ఆగడం నేను చూడ్డం ఇదే మొదలు.
తెల్ల గ్లవుజు వేలితో
తన పేరు పక్క గీతని తాకాడు.
ఆరలేదు. వేలి కొసన పసుపు.
తిట్టు కోసం లేచి నించున్నాను.

నా హిందీ కంటే కాస్త వంకర హిందీలో
"ఇంకా ఎన్ని పేర్లకి జాగా ఉంది?" అన్నాడు.
"రెండు, సార్."
"తర్వాత?"
"కొత్త పలక."
గ్లవుజు తీసి జేబులో పెట్టుకుని లోపలికెళ్ళాడు.

చెదిరిన చోట సన్న బ్రష్షుతో సరిచేసి
మహాకుడ్‌కి బిల్లు రాసిచ్చాను.
అక్షరాలు ఇన్ని, అంకెలు పదహారు.
గీతకి లెక్క కట్టలేదు.