పదిన్నర

స్టేషన్ రైటర్ని నేను.
చేతిరాత బాగుంటాదని
పదకొండేండ్లుగా నా కుర్చీ ఎవరూ కదపలేదు.

మద్దిలేటి ఎస్సై వచ్చి ఏడు నెలలే.
పాపాఘ్ని ఏట్లో ఇసుక తోడే ట్రాక్టర్లు నాలుగు
మా ఆవరణలో టైర్లు చప్పబడి నిలబడినాయి.
ఐదోది పట్టుకొచ్చిన రాత్రి
ఫోన్లు మొదలైనాయి.

కాగితమొచ్చింది: పరిపాలనా కారణాల రీత్యా.
కారణాలంట, బహువచనం.
ఒక్కటీ రాయలేదు.

ఆయన హైకోర్టుకు పోయినాడు.
కమలాపురంలో రాత్రి బస్సు, చంకలో ఫైలు,
అందులో కూతురి టెన్త్ హాల్‌టికెట్ జిరాక్సు,
జడ్జిగారు చూస్తారేమోనని.

పన్నెండుకు స్టే వచ్చిందని కబురు.
ఖాజా పీరు అందరికీ టీ చెప్పినాడు.
టీ రాకముందే సీఐ వచ్చినాడు.
"జీడీ తియ్.
పొద్దున పదిన్నరకే రిలీవ్ చేసినామని రాయి."
మనిషేమో ఊర్లో లేడు.
పెన్ను సీఐదే.
పైన రెండు గీతల సందు ఖాళీ ఉండింది,
ఎప్పుడు వదిలినానో నాకే గుర్తులేదు.

ఆ సాయంత్రం ట్రాక్టర్లకు గాలి కొట్టినారు.

వారానికి సర్కారు వకీలు చదివినాడంట:
స్టే కంటే ముందే రిలీవ్ అయిపోయినాడు, ఇంక ఇందులో విచారించేదేముంది?
సాక్ష్యం నా అక్షరాలే,
గుండ్రంగా, ఒత్తులన్నీ సరిగ్గా.

మద్దిలేటి సారు సామాన్లకొచ్చినాడు.
లాఠీ, దుప్పటి, ఒక స్టీలు గ్లాసు.
డైరీ అడగలేదు, నన్నేమీ అనలేదు.
గడప దాటుతా అడిగినాడు,
"కడప బస్సుంటాదా రైటరూ, టైమెంతయింది?"

చేతికి గడియారం ఉంది.
చెప్పలేకపోయినా.