పద్దెనిమిదో కాసు

మేయో హాల్ మెట్ల మీద
నగల జాబితా నా చేతిలో చెమర్చింది.
కాసులపేరు ఒకటి, గాజులు ఆరు,
బుట్టకమ్మలు జత.
ఒకటే మిగిలింది మేడమ్ అంటే
"రాసేటప్పుడు జతే రాయాలి" అంది షాహీనా మేడమ్.

వాళ్ల వకీలు మొదట కన్నడంలో అడిగాడు,
మళ్లీ నా కోసం తెలుగులో:
"బిల్లుందామ్మా?"

ఉంది సార్.
గ్రైండరుకుంది, రెండేళ్ల వారంటీతో.
బీరువాకుంది, పరుపుకుంది, దోమతెరక్కూడా ఉంది.
బంగారానికే లేదు.
మా జేజి కాలంలో కంసాలి
బీడీకట్ట కాగితం మీద తూకం రాసిచ్చేవాడు.
ఆ కాగితాన్ని చెదలు తిన్నాయో,
పసుపు డబ్బా తిన్నదో.

"పోనీ, ఫోటో?"

పెళ్లి వీడియో వేశారు.
నలభై ఒకటో నిమిషం, తలంబ్రాలు.
సరిగ్గా నా మెడ కనబడే చోట
హిందూపురం స్టూడియో అబ్బాయి గులాబీలు రాల్చాడు.
అప్పట్లో అదో ముచ్చట.
జడ్జమ్మ కళ్లజోడు తీసి, తుడిచి,
మళ్లీ పెట్టుకునేసరికి
ఇంకో గులాబీ.

ఆయన మాత్రం తడుముకోలేదు.
కాసులపేరు మా అమ్మది, అమ్మకు వాళ్లత్త ఇచ్చింది,
ఈవిడకు పెళ్లిపూట ఎరువిచ్చాం అన్నాడు.
ఎరువు సొమ్ము బరువు చేటంటారు.
తొమ్మిదేళ్లు మోసిన నా సొమ్మే
ఒక్క మాటతో ఎరువైపోయింది.

మేడమ్ రెండు రిజిస్టర్లు తెప్పించింది.
బౌరింగ్ ఆస్పత్రిది:
జూన్ ఆరు, పది యాభై. ఎడమ చెవి తమ్మె చినిగినది. కుట్లు నాలుగు.
బ్యాంకు లాకరుది:
జూన్ ఆరు, పదకొండు ఇరవై. తెరిచినవారు, ఆయన.
నా సంతకం ఉండాల్సిన గడి ఖాళీ.
ఇక్కడ చెవికి సూది,
అక్కడ తాళానికి చెవి.

"తెరవడం వేరు, తీయడం వేరు" అన్నాడు వకీలు.
కాగితం తిరగేసి కూర్చున్నాడు.

తర్వాతి వాయిదాకు కాసులపేరు తెమ్మన్నారు.
తెచ్చారు, ఎర్ర మఖ్మల్ పెట్టెలో.
మా అత్త మూత తీసిందో లేదో
అడక్కుండానే నోరు తెరిచాను.
"కొక్కెం దగ్గర్నించి ఎడంపక్కకు లెక్కపెట్టండమ్మా.
పద్దెనిమిదోది బంగారం కాదు."

ఎవరో నవ్వారు. మేడమ్ నా మోచెయ్యి గిల్లింది,
ఈ మాట ఆమెక్కూడా చెప్పలేదు మరి.

నగరత్‌పేట నుంచి పిలిపించిన ఆచారి
గీటురాయి తీశాడు.
పదిహేడు గీతలు పచ్చగా నిలిచాయి.
పద్దెనిమిదోది
ఒక్క ద్రావకం చుక్కకి లేకుండా పోయింది.

వానల్లేని ఏడాది
ఇత్తనపు చెనిక్కాయల కోసం
మా జేజి ఒక కాసు అమ్మి
ఆ చోట ఇత్తడి బిళ్ల అతికించుకుంది.
తాతకు చెప్పలేదు.
అమ్మకు చెప్పింది, తలంటుతూ.
అమ్మ నాకు చెప్పింది, మెడలో వేస్తూ:
"ఎవురికీ చెప్పాకు పాపా."

చెప్పేశాను జేజీ.
స్టెనో టకటకా కొట్టుకుంటూ పోయింది,
నీ చెనిక్కాయలు కూడా రికార్డుకెక్కాయి.

మా అత్త ఆ బిళ్లకేసే చూస్తూ ఉండిపోయింది.
పాపం, ఇన్నాళ్లూ మిగతావాటితో సమానంగా
దాన్నీ కుంకుడు నురగలో తోముంటుంది.

తీర్పు మూడు వాయిదాల తర్వాత వచ్చింది.
కాసులపేరు ఇచ్చేయాలి.
గాజులు రుజువు కాలేదు.
కమ్మల్లో ఒకటి నా దగ్గరే ఉందని ఒప్పుకున్నాను గనక
జత పోయిందనడానికి లేదట.
ఆ సంగతి వింటూ చెవి తడుముకున్నాను.
కుట్లు పడ్డ చోట
ఇప్పుడు కమ్మ పట్టదు ఎలాగూ.

అన్నం డబ్బా కింద పెట్టె పెట్టుకుని
బస్సులో నిలబడే ఇంటికొచ్చాను.

అవతలి వారం నగరత్‌పేట వెళ్లాను.
ఆచారి గుర్తుపట్టాడు.
"ఆ ఇత్తడిది తీసి అసలుది వేసేదా తల్లీ?"
వద్దన్నాను.
కొక్కెం వదులైంది, అది బిగిస్తే చాలు.

నూట ఇరవై కూలి.
బిల్లు అడిగాను.
నూట ఇరవైకి బిల్లేందమ్మా అని గొణిగాడు,
పుస్తకం వెతికి, దుమ్ము దులిపి,
పేరు అడిగాడు.
వకుళ అని చెప్పాను.
ఇంటిపేరు దగ్గర కాస్త ఆగి
మా నాన్నది రాయించుకున్నాను.