లాకుల పేర్రాజు గారి రష్యా

ఆయన అసలు పేరు మాకు తెలీదు.
టైటిళ్ళలో ఎక్కడో ఉండే ఉంటుంది,
ఆ అక్షరాలు కూడబలుక్కోగలిగినవాడు
ముక్తేశ్వరం మొత్తానికి ఒక్కడూ లేడు.

గెడ్డం ఇజ్రాయేలు ఆపరేటరు, నేను డబ్బాలు మోసేవాణ్ణి.
స్నేహ సంఘం వాళ్ళు కాకినాడ నుంచి పంపిన రీళ్ళు
కోటిపల్లి రేవులో పంటు ఎక్కించి, ఏరు దాటించి,
కొబ్బరి చెట్టుకీ కొబ్బరి చెట్టుకీ తెర కట్టి
నెలకో రష్యా సినిమా వేసేవాళ్ళం.
తెర మీద మంచు కురుస్తుంటే
ఇవతల జనం విసనకర్రలు విసురుకునేవారు.

మొదటిసారి ఆయన గుర్రబ్బండి తోలాడు.
తర్వాతి సినిమాలో రైలు గార్డు.
ఆ తర్వాత ఒక పెద్దింట్లో తలుపు తీసి,
అయ్యగారు లేరన్నట్టు తలూపి,
తలుపు వేశాడు. అంతే.
"ఒరేయ్, వీడు మన లాకుల పేర్రాజు కాదూ!"
అదే బట్టతల. అదే జారిన కుడిభుజం.
నీళ్ళు వదలవయ్యా అని రైతులు గట్టున గోల పెడుతుంటే
తాపీగా చుట్ట వెలిగించుకునే అదే మొహం.

ఆ తర్వాత హీరోని ఎవరు చూశారండీ?
కథానాయిక కళ్ళొత్తుకుంటుంటే
వెనకాల పళ్ళెం పట్టుకు నిలబడ్డ ఆయన్ని చూశాం,
పళ్ళెంలో గ్లాసు వణకడం చూశాం.
యుద్ధమైతే మొదటి పావుగంటలోనే పోయేవాడు,
పై నెల వంటవాడై లేచొచ్చి
గరిటె నాకి ఉప్పు చూసేవాడు.

కబురు విని పేర్రాజు గారే ఓ రాత్రి
లాకు వదిలి వచ్చారు. నేల మీద కూచోలేదు.
ఆఖర్న లాంతరు ఎత్తుకుని
"నాకన్నా బాగా తీస్తున్నాడ్రా తలుపు" అని వెళ్ళిపోయారు.
మర్నాటి నుంచీ లాకు చక్రం తిప్పేటప్పుడు
ఎవరో చూస్తున్నట్టు తిప్పేవారు.

ఎనభై ఆరు వరద అటకని కూడా వదల్లేదు.
ఆరబెట్టిన రీళ్ళలో ఒకచోట
చుట్టకి చుట్ట అతుక్కుపోయింది.
ఇజ్రాయేలు చెయ్యి అప్పటికే వణుకుతోంది;
కత్తెర నాకిచ్చాడు.
ఇరవై నాలుగు బొమ్మలు కోసి అతికించాను.
అది ఆయనది. ఒక్క సెకను.
కిటికీ దగ్గర నుంచి ఇటు తిరిగి
ఏదో అనబోయే సెకను.
తెర మీద మరి ఆయన తిరగలేదు:
అటు చూస్తూ ఉంటాడు, టప్పున ఇటుంటాడు, నోరు మూసుకుని.
జనం ఈల వేశారు.
నేను పెట్రోమాక్స్ వెనక్కి జరిగాను.

పంచాయతీ టీవీలో ఓసారి కనిపించాడు,
ఏదో సీరియల్లో తాతగా, ఎవరిదో హిందీ గొంతుతో.
జుట్టు ఉన్న కాస్తా నెరిసింది.
మనవడి బూటు లేసు కట్టడానికి
చాలాసేపు పట్టింది ఆయనకి.
అది నటనో, వేళ్ళే రావట్లేదో,
మా ఇద్దరికీ తేలలేదు.

ఆ తర్వాత వచ్చిన మూడు సినిమాల్లో ఆయన లేడు.
మూడోదాన ఇజ్రాయేలు రీలు మార్చి
దీపం వెంటనే వెయ్యలేదు.
చీకట్లో ఓ బీడీ అయ్యేదాకా కూచున్నాడు.
జనం కూడా ఎందుకో అరవలేదు.
పిల్లకాలవలో నీళ్ళు పోతున్న చప్పుడు.

ఆనక సంఘం బోర్డు పీకేశారు.
ఆ దేశమే పటం మీద లేదన్నారు.
డబ్బాలు తిరిగిమ్మని ఎవరూ ఉత్తరం రాయలేదు.

ఆ ఇరవై నాలుగూ నా దగ్గరే ఉన్నాయి, వక్కపొడి డబ్బాలో.
ఇప్పుడు రేవులో టిక్కెట్లు కోస్తున్నాను.
పంటు అవతలి ఒడ్డున ఆగిపోయినప్పుడు
ముక్క తీసి ఎండకి పట్టి చూస్తాను.
పద్దెనిమిదో బొమ్మ దగ్గర ఆయన నోరు తెరుస్తాడు.
"అయ్యగారు లేరు" అనేమో.
"తలుపు వేస్తున్నా" అనేమో.
వెనక ఎవరో చిల్లర చాపి
"ఏవండీ, ఒకటివ్వండి" అంటారు.
చింపి ఇస్తాను, కుడిభుజం కాస్త జార్చి.