చేటలో ఆవాలు

సిరిపురం స్టేషన్లో సముద్రాన్ని నేనే చేసేవాణ్ణి.
చేటలో గుప్పెడు ఆవాలు,
అటొక ఒంపు, ఇటొక ఒంపు.
అసలు సముద్రం కూతవేటు దూరంలోనే ఉండేది గానీ
స్టూడియో తలుపులకి మందంగా పరుపులు కుట్టేశారు,
దాన్ని లోపలికి రానివ్వరు.

కొబ్బరి చిప్పలు రెండు: గుర్రబ్బండి.
గాజుపలక మీద తడిగుడ్డ: అత్తగారి ఏడుపు.
కాకి మాత్రం నా గొంతే.

మేం ముగ్గురం.
అన్న వరహాలు షిప్‌యార్డులో రివెట్లు కొట్టి వచ్చి
అదే చేత్తో హార్మోనియం నొక్కేవాడు.
అప్ప తవిటమ్మ.
ఆ పేరు పలికితే మైకులో పొట్టు రాలుతుందని
ప్రోగ్రామాయన కుమారి తరళ అని రాసుకున్నాడు.
నా పేరు పెంటయ్య.
మార్చే అవసరం పడలేదు. ఎవరూ చదవలేదు.

శనివారం సాయంత్రం ఆరూ నలభైకి
అత్తా అల్లుళ్ల పాట తగువు.
అప్పకి ఇరవై రెండేళ్లు, గొంతులో అరవై.
పప్పులో ఉప్పు దగ్గర మొదలెట్టి
రెండో చరణానికల్లా తాతముత్తాతల దాకా పోయేవారు.
పూర్ణా మార్కెట్లో తూకం ఆపి వినేవారట.
భీమిలి నుంచి ఒకావిడ కార్డు రాసింది:
"ఆ అల్లుణ్ణి ఒక్క పూట మా ఇంటికి పంపండి,
మిగతాది నేను చూసుకుంటాను."

చెక్కు ముప్పై రూపాయలు, అన్న పేరున వచ్చేది.
మూడు వాటాలెయ్యమంది అప్ప.
అన్న సైకిలు కొన్నాడు.

ఆ రోజు నుంచి ఇంట్లో నేనే టెలిఫోను తీగ.
"పెంటీ, మీ అన్నకి సెప్పు, సల్ది ఉట్టిలో ఉందని."
"ఒరే, మీ అప్పకి సెప్పు, నాకాకల్లేదని."
ఇద్దరి మధ్యా మూరెడు చాప.

ఏడు నెలలు.
ఎర్ర దీపం వెలిగితే మాత్రం
ఎదురెదురుగా నిలబడి తిట్టుకునేవారు, తాళం తప్పకుండా.
ఏం నటన, అనేది ఊరు.

ఒక శనివారం అప్ప కాగితం కింద పెట్టేసింది.
"సైకిలెక్కిన అల్లుడా,
ముందు సక్రం నీదే గానీ
ఎనక సక్రం ఎవులిదిరా?"
రాగం అదే. ముక్క మాత్రం రాసినాయన రాయనిది.
అన్న వేళ్లు మెట్ల మీదే ఆగిపోయాయి.
హార్మోనియం తిత్తి ఒక్కసారి ఊపిరి వదిలింది.
గాజు అవతల ప్రోగ్రామాయన రెండు చేతులూ ఎత్తేశాడు.
రేడియోలో నిశ్శబ్దం అంటే ఏమిటో మీకు తెలీదు,
జిల్లా జిల్లా అంతా ఒకేసారి పెట్టె నెత్తిన చరుస్తుంది.

నా దగ్గర సముద్రం ఉంది, కాకి ఉంది.
రెండూ పనికిరావు.
టీ గ్లాసు కనపడితే చెంచాతో కొట్టాను,
ట్రింగ్ ట్రింగ్.

అప్ప నవ్వింది.
అత్త కాదు, అప్ప. ముక్కులోంచి, చిన్నప్పటిలా.
అన్న "ఎనక సక్రం..." అనబోయి
ఇంక అనలేకపోయాడు.
దీపం ఆరేదాకా అదే ప్రసారమైంది.

మాట్లాడుకున్నారా అంటే, లేదు.
చెక్కు కూడా చివరిదాకా అన్న పేరునే వచ్చింది.
ఆ రాత్రి మాత్రం వాల్తేరు పల్లంలో
అప్ప వెనక క్యారియర్ ఎక్కి కూచుంది, అటు తిరిగి.
మూడో మనిషికి చోటు లేదు. నేను నడిచాను,
సంచిలో చిప్పలు తగులుకుంటుంటే
నాకు నేనే గుర్రబ్బండినై.

మర్నాడు చూస్తే ఆవాలు లేవు. పులుసు పోపులో వేసేసింది.
సముద్రం ఏదే అంటే
"కొత్తది కొనుక్కోరా, పావలా" అంది.
అన్న నాతో ఏమీ చెప్పించలేదు.
గిన్నె ముందుకి తోశాడు, రెండోసారి.